ఆంగ్లవ్యాకరణ నిషేధముల పుట్టుపూర్వోత్తరములు

మన పాఠశాలలలో ఆంగ్లమును బోధించువారి మనస్సులందును, నేర్చుకొనువారి మనస్సులందును ఒక నమ్మకము పాతుకొని యున్నది. సంస్కృతమునకు పాణినీయమెట్లో ఆంగ్లమునకును అట్లే సర్వసమ్మతమైన యొక శాసనగ్రంథము గలదనియు, ఉపాధ్యాయుఁడు విద్యార్థి వ్రాఁతపై ఎఱ్ఱసిరాతో గీఁత గీచినపుడు ఆ శాసనమునే అమలు జరుపుచున్నాఁడనియు వారి తలంపు. ఆ భాషకు అట్టి గ్రంథమేదియు లేదు. రాజశాసనముచే నేర్పడిన పరిషత్తు లేదు. మునిత్రయమువంటి ఆచార్యపరంపరయు లేదు. ఉన్నవి పుస్తకములు మాత్రమే. వానిని వ్రాసినవారిలో మతాచార్యులు గలరు, బడిపంతుళ్లు గలరు, న్యాయవాది గలఁడు, సిపాయి గలఁడు. వాక్యము చివర ఫలాని పదముండరాదు, ఫలాని రెండు పదముల నడుమ మఱియొకటి చొరరాదు అని మనము బాలురచే వల్లె వేయించు నిషేధములలో పెక్కింటికి పుట్టిన యేఁడు గలదు, పుట్టించిన మనుష్యుఁడు గలఁడు. పుట్టుకకు కారణము భాషాస్వభావముకంటె సంఘస్థితియే యని తోఁచుచున్నది. ఆ సంగతిని పండితులకు విన్నవించుటయే ఈ వ్యాసముయొక్క ఉద్దేశము.

ఆంగ్లభాషకు ఆంగ్లముననే వ్రాయఁబడి అచ్చుపడిన మొదటి వ్యాకరణము విలియం బులోకరుది. అది 1586వ సంవత్సరమున వెలువడినది. గ్రామరనఁగా లాటినుభాషయొక్క వ్యాకరణమే యని లోకము తలంచుచుండిన కాలమది. ఇంగ్లండున ప్రాచీనపాఠశాలలు కొన్నింటికి నేఁటికిని 'గ్రామరు స్కూలు' అను పేరు నిలిచియుండుటకు అదియే మూలము. మా భాషకును నియమములు గలవని చూపుటయే బులోకరు పడిన ప్రయాస. అయితే ఆతఁడు చేఁబట్టిన కొలబద్ద లాటినుది. లాటినునామమునకు ఆఱు విభక్తులుండుటచే తరువాతి బడిపుస్తకములు పెక్కు ఆంగ్లనామమునకును ఆ ఆఱింటిని అంటఁగట్టినవి. ఆంగ్లనామము విభక్తినిబట్టి రూపము మాఱునది షష్ఠియందొక్కచోటనే. తక్కిన యైదు గళ్లలోను ఒకే మాటను మరలమరల వ్రాసి బాలుఁడు దానిని కంఠస్థము చేయవలసివచ్చెడిది. ఈ పద్ధతి తగదని 1653లో జాన్ వాలిస్ చెప్పెను. ఈతఁడు ఆక్సుఫర్డున క్షేత్రగణితము బోధించినవాఁడు. అనంతసంఖ్యకు నేఁడు మనము వాడు గుర్తును ప్రవేశపెట్టినవాఁడును ఈతఁడే. ఆంగ్లమును లాటినుమూసలో పోయరాదని చెప్పిన ఈ గ్రంథము లాటినుభాషలోనే యున్నది! మనకిది వింతగాఁ దోఁపరాదు. తెలుఁగునకు లక్షణమైన ఆంధ్రశబ్దచింతామణియు సంస్కృతసూత్రములలోనే యున్నది గదా.

ఇటలీదేశమున 1583లోను, ఫ్రాన్సున 1635లోను భాషాపరిషత్తులు వెలసినవి. వానిని చూచి ఇంగ్లండునను అట్టి పరిషత్తొకటి యుండవలెనని కోరినవారిలో ప్రముఖుఁడు జోనథన్ స్విఫ్టు. భాషను దిద్ది, నిర్ణయించి, ఇఁకమీఁద మాఱకుండ స్థిరపఱుపవలెనని 1712లో ఆతఁడు కోశాధ్యక్షుఁడైన రాబర్టు హార్లీకి బహిరంగలేఖ వ్రాసెను. 1714లో ఆన్ రాణి కాలగతి నొందెను. ఆ మంత్రివర్గమును పడిపోయెను. పరిషత్తు మాటయు అంతటితో అణఁగిపోయెను. శామ్యూల్ జాన్సను తన మహానిఘంటువునకు పూనుకొన్నపుడు భాషను స్థిరపఱుపఁగలనని కొంత ఆశపడెను గాని, 1755లో గ్రంథము ముగించి పీఠిక వ్రాయునప్పటికి అది మానవసాధ్యము గాదని ఒప్పుకొనెను. 1761లో జోసెఫ్ ప్రీస్ట్లీ మఱియొక యడుగు ముందునకు వేసెను. ప్రాణవాయువును కనుఁగొన్నవారిలో ఒకఁడుగా మనకు రసాయనశాస్త్రమునఁ దెలిసిన ప్రీస్ట్లీయే ఈతఁడు. అప్పటి కాతఁడు చిన్నబడి నడపుకొనుచుండెను. పరిషత్తు స్వతంత్రజాతికి తగదనియు, వాడుకయే ప్రమాణమనియు, రెండు ప్రయోగములు పోటీపడినచో మేలైనది కాలక్రమమున తనంత తానే నిలుచుననియు ఆతని మతము. ఆతని పుస్తకమును చదివినవారు గలరు. కాని గెలుపు మఱియొకరిది.

ఆ మఱియొకఁడు రాబర్టు లౌత్. హీబ్రూపండితుఁడు. ఆక్సుఫర్డున 1741 మొదలు 1751 వఱకు కవిత్వశాస్త్రాచార్యుఁడై యుండి యూదుల పవిత్రకవిత్వముపై ఉపన్యసించి యశస్సు గడించెను. 1777లో లండనునకు బిషప్పయ్యెను. తన కుమారునికొఱకు కూర్చిన పాఠములను పెంచి 1762లో కర్తృనామము లేకుండ ఒక చిన్న ఆంగ్లవ్యాకరణమును ప్రకటించెను. సూత్రభాగము కొంచెమే; అధోజ్ఞాపికలలోనే దాని విశేషమంతయు నున్నది. షేక్స్పియరు, మిల్టను, పోపు, స్విఫ్టు మొదలగువారి వాక్యములను, తుదకు ప్రమాణమని ఎన్నఁబడు బైబులు అనువాదములోని వాక్యములనుగూడ, ఎత్తి వ్రాసి, ఇవి తప్పులని చూపెను. ఇచ్చట మనవారు ఒక్క నిమిషము నిలిచి చూడవలసి యున్నది. మన లాక్షణికులు కవిప్రయోగమును చూపి సూత్రమును సమర్థింతురు. లౌత్ సూత్రమును చూపి కవిప్రయోగమును దండించెను. మహాకవులే తప్పినపుడు సామాన్యుఁడు తప్పకుండుటకు వ్యాకరణపుస్తకము కొనుటకంటె గతి యేమున్నది? ఆ పుస్తకమునకు అంతటి గిరాకి గలుగుటకు ఈ యూహయు ఒక కారణమని నేననుకొందును.

అయినను లౌత్‌పై నేఁడు మోపఁబడు నేరములలో కొన్ని ఆతనివి గావు. వాక్యాంతమున ప్రిపొజిషను నిలుపరాదను నిషేధమును చూడుఁడు. మనకు విభక్తిప్రత్యయము నామమునకుఁ బిదప చేరును. ఆంగ్లమున తత్తుల్యమైన పదము నామమునకు ముందు నిలుచును. 'ముందుంచఁబడినది' అనియే లాటినులో ఆ పేరునకు అర్థము. అయితే ప్రశ్నలోను, యత్తదర్థకవాక్యములోను నామము వాక్యాదికి పోఁగా ఈ పదము చివర ఒంటిగా మిగులుచుండును. 'ఎవరితో మాటలాడుచుంటివి' అనుటకు వాడుకలో 'హూ వర్ యు టాకింగ్ టు' అందురు. 'తో' అను నర్థము నిచ్చు 'టు' చివర నున్నది. లాటినులో ఇట్లుండుట యసంభవము. 1672లో జాన్ డ్రైడెన్ పూర్వకవియైన బెన్ జాన్సనునందు ఈ ప్రయోగమును దోషముగా నెంచెను. తన వ్రాఁతలలోను అది యున్నట్లు గ్రహించి, 1668లో ప్రకటించిన నాటకకవిత్వవ్యాసమును 1684లో మరల అచ్చొత్తించునపుడు అట్టి వాక్యములను వెదకి వెదకి మార్చివేసెను. ఒక కవి తన లాటినుచెవికి కటువుగా నున్నదని చేసిన మార్పది. తొంబదేండ్ల తరువాత లౌత్ చెప్పినదేమి? ఇది మన భాషకు మిక్కిలి మక్కువైన నుడికారమనియు, సంభాషణకును తేలికశైలికిని తగియుండుననియు, గంభీరశైలిలో మాత్రము ప్రిపొజిషనును ముందుంచుట సొంపనియు. నిషేధము లేదు. పైపెచ్చు, 'మక్కువ' అను ఆ వాక్యముననే ప్రిపొజిషనును చివర నిలిపి, ఆ పెద్దమనిషి చల్లగా నవ్వుకొనినట్లున్నాఁడు. 1795లో లిండ్లీ మరే ఈ భాగమును తన పుస్తకములోనికి ఎత్తుకొనునపుడు ఆ వాక్యమును సరిదిద్ది, ప్రిపొజిషనును జరిపి ముందుంచెను. లౌత్ చేసిన హాస్యము మరే చేతిలో తప్పయినది. మరే దిద్దుబాటు బడిపంతులు చేతిలో శాసనమైనది. నిషేధములు పుట్టు తీరును ఇంతకంటె చక్కగా చూపు ఉదాహరణము నాకు దొరకలేదు.

వ్యతిరేకార్థకములు రెండు కలసి అనుకూలార్థమునే ఇచ్చునను నియమమును ఇట్టిదే. చాసరునందును షేక్స్పియరునందును రెండు 'కాదు'లు కలసి గట్టి 'కాదు' అగుచుండెను. 18వ శతాబ్ది వ్యాకర్తలు గణితమును తెచ్చి, ఋణమును ఋణముచే గుణించిన ధనమగునన్నట్లు, అది 'అవును' అనిరి. కూలివాఁడు 'నాకేమియు తెలియదు' అను నర్థమున రెండు వ్యతిరేకములు వాడినపుడు, వానికి సర్వము తెలియునని అర్థము చేసికొన్నవాఁ డెవఁడును లేఁడు. ఇచ్చట మాత్రము నియమము నిలిచినది. లిఖితశిష్టభాష నుండి ఆ ప్రయోగము తొలఁగినది. పుస్తకము వలననే తొలఁగినదా, లేక శిష్టులు అదివఱకే విడిచినదానిని పుస్తకము పేర్కొన్నదా యనినచో, రెండవదియే నిజమని పరిశోధకులలో పెక్కురి యభిప్రాయము.

నిషేధములను పుట్టించినవారిలో స్త్రీయు గలదు. న్యూకాసిల్ పట్టణమున పాఠశాల నడపిన ఆన్ ఫిషర్ 1745 ప్రాంతమున ప్రకటించిన వ్యాకరణము అనేకముద్రణములు పొందినది. తప్పువాక్యములనిచ్చి విద్యార్థులచే దిద్దించు అభ్యాసములను ఆంగ్లవ్యాకరణమున మొట్టమొదట విరివిగాఁ జేర్చినది ఈమెయే. నేఁటి ప్రశ్నపత్రములలో 'ఈ క్రింది వాక్యములను సవరింపుఁడు' అను ప్రశ్నకు ఈమె మూలపుటమ్మ. స్త్రీపురుషులిరువురకును వర్తించు సామాన్యనామమునకు బదులుగా పుంలింగసర్వనామమును వాడవచ్చునని వ్రాసినవారిలోను ఈమె తొలివారి లెక్కలోనిది. 'ప్రతివాఁడు' అనవలసినచోట ఆంగ్లేయులు ఎన్నియో శతాబ్దములుగా 'వారు' అను నర్థముగల 'దే' అను బహువచనమును ఏకార్థమున వాడుచుండిరి, షేక్స్పియరును వాడినాఁడు. వచనదోషమని వ్యాకర్తలు దానిని వెలివేసి, పుంలింగమును కూర్చుండఁబెట్టిరి.

ఇది పలకమీఁది సంగతిగానే ఉండిపోయినచో ఇచ్చట ప్రస్తావింపనక్కఱ లేదు. 1850లో బ్రిటిషు పార్లమెంటు తన శాసనములలో పుంలింగపదములు స్త్రీలకును వర్తించునని ఒక చట్టము చేసెను. 1867 నాఁటి సంస్కరణచట్టము ఓటుహక్కు గల 'పురుషుని' గుఱించి చెప్పినది. ఆ మాటకు మాఱుగా 'వ్యక్తి' యనవలెనని జాన్ స్టూఅర్టు మిల్ తెచ్చిన సవరణ వీఁగిపోయెను. అంతట మాంచెస్టరు స్త్రీలు, 1850 నాఁటి చట్టము ప్రకారము పుంలింగమున మేమును చేరియున్నాము గదా యని న్యాయస్థానమున కెక్కిరి. 1868లో తీర్పు వారికి ప్రతికూలమయ్యెను. పన్నులయందును శిక్షలయందును పుంలింగము స్త్రీని కలుపుకొనును; ఓటునందు కలుపుకొనదు! వ్యాకరణనియమము భాషనుండి పుట్టినదైనచో ఒకచోట నొకలాగు, మఱియొకచోట మఱియొకలాగు పనిచేయునా?

ఇఁక మరే సంగతి. పెన్సిల్వేనియాలో పుట్టి న్యూయార్కున న్యాయవాదియై ధనార్జన చేసి, అస్వస్థతచే 1784లో ఇంగ్లండునకు వచ్చి యార్కునగరసమీపమున స్థిరపడిన క్వేకరుమతస్థుఁడు. అచ్చటి బాలికాపాఠశాలలోని ఉపాధ్యాయినులు కోరఁగా 1795లో వ్యాకరణము కూర్చెను. ఆతఁడు దీనిని కూర్పనియే చెప్పుకొనెను గాని రచన యని గొప్ప చెప్పుకొనలేదు. లౌత్ మాటలే పుటపుటకును కనఁబడును. ఆతని బడిపుస్తకములన్నియు కలసి ఇంగ్లండునను అమెరికాలోను లక్షలకొలది ప్రతులు చెల్లినవి. కారణము విద్వత్తు గాదు, ఆ కాలము. మరమగ్గములు, ఆవిరియంత్రములు, విదేశవర్తకము ఒక క్రొత్తసంపన్నవర్గమును పుట్టించినవి. వారికి ధనము గలదు, భూమిని కొనఁగలరు, బండి కట్టించుకొనఁగలరు. నోరు విప్పినతోడనే పుట్టినచోటు బయటపడును. ఆ బెరుకునకు మందు మూఁడు నాలుగు షిల్లింగులకు దుకాణమున దొరకినది. తప్పు వ్రాయుట బుద్ధిలోపమే కాక శీలలోపమును అని సూచించు నీతివాక్యములను మరే ఉదాహరణములుగాఁ గూర్చియుండుట ఆ పుస్తకమునకు గృహస్థుల ఆదరమును తెచ్చినది.

ధనవంతునకు ఇది బెరుకు మాత్రమే. పేదవానికి అంతకంటె పెద్ద చిక్కు. 1793లో షెఫీల్డు పనివారు పార్లమెంటు సంస్కరణకై పంపిన మనవిని కామన్సు సభ స్వీకరింపలేదు. అందలి భాష సభకు అగౌరవకరముగా నున్నదనుట చెప్పిన కారణము. మనవిలోని విషయమునకు సమాధానము చెప్పనక్కఱలేకుండ మాటల తీరును చూపి ద్వారము మూయవచ్చునని దీనివలన తేలినది. పెద్దలకు తగిన శైలి పెద్దల బడులలోనే దొరకును. ఆ బడులు పనివారికి లేవు.

ఈ చిక్కును లోతుగా నెఱిఁగినవాఁడు విలియం కాబెట్. సర్రే మండలమున రైతుకుటుంబమునఁ బుట్టి, 1784లో సామాన్యసైనికుఁడుగాఁ జేరెను. దినమునకు ఆఱు పెన్నీల జీతము. దస్తూరి చక్కగా నుండుటచే సేనాధికారి ఆతనిచే ఉత్తరములకు ప్రతులు వ్రాయించుకొనుచు, వానిలో తప్పులు కనఁబడఁగా వ్యాకరణము నేర్చుకొమ్మనెను. కాబెట్ లౌత్ పుస్తకము సంపాదించి, ఆద్యంతము చేతితో వ్రాసికొని, కంఠస్థము చేసి, పహరా తిరుగునపుడెల్ల తనలోఁ దాను వల్లించుచుండెను. తానే ఆత్మకథలో ఈ సంగతి చెప్పుకొనియున్నాఁడు. అమరము వల్లించు మన బాలుఁడు గుర్తునకు వచ్చుచున్నాఁడు. భేదమేమన, ఆ సిపాయికి బెత్తము పట్టిన గురువు లేఁడు, ప్రక్కన తుపాకి యున్నది. తరువాత ఆతఁడు పత్రికాకర్తయై ప్రభుత్వమునకు కంటిలో నలుసయ్యెను. 1817లో పౌరరక్షణచట్టమును తాత్కాలికముగా నిలిపివేసినపుడు కారాగారమునకు వెఱచి అమెరికాకు పోయి, లాంగు ఐలండున ఒక కమతము చేసికొనుచు, తన కుమారుఁడు జేమ్సునకు లేఖల రూపమున ఆంగ్లవ్యాకరణము వ్రాసి 1818లో ప్రకటించెను. సిపాయిలకు, నావికులకు, పనినేర్చుకొను కుఱ్ఱలకు, నాఁగలి తోలువారికి ఇది ఉద్దిష్టమని ముఖపత్రముననే చెప్పెను.

ఈ గ్రంథము మన పండితులు చదివి యానందింపఁదగినది. తప్పులకు ఉదాహరణములు ఎచ్చటనుండి తెచ్చెను? రాజుగారి ప్రసంగమునుండి! 1823 నాఁటి ముద్రణమున 'రాజ్యతంత్రజ్ఞులు తప్పువ్యాకరణము వాడకుండుటకై ఆఱుపాఠములు' అని చేర్చి, కాసల్రే ప్రభువు వ్రాఁతను, వెల్లింగ్టను ప్రభువు యుద్ధలేఖను వాక్యము వాక్యముగా విప్పి, కర్త క్రియ పొంతన లేదని చూపెను. పనివాని మనవిలో భాష బాగులేదని త్రోసిపుచ్చిన సభకు రాజుగారి ప్రసంగములో భాష ఎట్లున్నదో చూచుకొమ్మని సమాధానము. అయితే ఒక్కటి గమనింపవలెను. కాబెట్ ద్వారపాలకుని తిట్టెను గాని ద్వారమును ప్రశ్నింపలేదు. లౌత్ ప్రసాదించిన నియమములే ఆతనికిని నియమములు. తాళపుచెవి దొంగిలించి పేదవాని చేతిలో పెట్టినాఁడు. తాళమేల యుండవలెనని అడుగలేదు. ఆ కాలమున అదియే చేయఁదగిన పని యేమో. ఆ సంగతిని గుఱించి నాకు నిశ్చయబుద్ధి లేదు.

విక్టోరియారాణి కాలమున ఈ విద్య ఒకరినొకరు పట్టుకొనుటకు పనికివచ్చెను. కాంటర్బరీ డీనైన హెన్రీ ఆల్ఫర్డు 1864లో 'రాణిగారి ఆంగ్లము' అని పుస్తకము వ్రాయఁగా, ఆ యేఁడే వాషింగ్టన్ మూన్ 'డీనుగారి ఆంగ్లము' అని మఱియొకటి వ్రాసి, దిద్దువానివే తప్పులు దిద్దెను. తుమర్థకమగు 'టు'నకును క్రియకును నడుమ క్రియావిశేషణము చొరరాదను నిషేధమునకు బలము వచ్చినది ఇట్టి పుస్తకములవలననే. అంతకు పూర్వపు లౌత్, మరే గ్రంథములలో ఆ నిషేధమే కానరాదు. లాటినులో తుమర్థకము ఒకే పదమగుటచే దానిని చీల్చ వీలులేదు. అది యొక కారణమని చెప్పుదురు. 1926లో హెచ్. డబ్ల్యూ. ఫౌలర్ తన 'ఆధునికాంగ్లప్రయోగ' నిఘంటువున ఈ నిషేధముపై నవ్వి, దానిని ఎఱుఁగక, ఎఱుఁగవలెనని చింతయు లేక యుండువారే అదృష్టవంతులనెను.

ఆ ఫౌలరే మఱియొకచోట కఠినుఁడు. 'నేను పోవుట' యనుటకు ఆంగ్లమున 'మై గోయింగ్' అని షష్ఠితోఁ జెప్పవచ్చును. 'మి గోయింగ్' అని ద్వితీయారూపముతోఁ జెప్పుటయు గలదు. తెలుఁగున 'నేను పోవుట', 'నా పోక' అని రెండు తీరులుండి, దేని చోటు దానిదైనట్లు. ద్వితీయతోడి ప్రయోగమునకు వ్యాకరణమున విశ్లేషణము లేదు గనుక అది భాషకు పట్టిన తెగులని 1925లో శుద్ధాంగ్లసమాజముయొక్క పత్రమున ఫౌలర్ వ్రాసెను. మఱుసటియేఁడు అదే సమాజపత్రములలో ఆటో యెస్పర్సన్ బదులు చెప్పెను. డెన్మార్కుదేశీయుఁడు, ఆంగ్లము మాతృభాష కాదు, 1909 మొదలు 1949 వఱకు ఏడుసంపుటములుగా వెలువడిన మహావ్యాకరణమునకు కర్త, 1943లో ఆతఁడు చనిపోఁగా కడపటి సంపుటమును శిష్యుఁడు ముగించెను. ఆతని బదులులో తర్కముకంటె లక్ష్యములే యెక్కువ. ఆతఁడు సిద్ధహస్తులైన రచయితలనుండి తాను చీటీలపై వ్రాసి పెట్టుకొన్న వాక్యములను వరుసగా పేర్చి, ఇందఱు ఇంతకాలము వాడినదానికి విశ్లేషణము దొరకనిచో లోపము విశ్లేషణమున నున్నది, వాక్యమున లేదనెను. కుండ కావలసినవాఁడు కుమ్మరియింటికి పోవును గాని, మాటలు కావలసినవాఁడు వైయాకరణునింటికి పోఁడన్న మహాభాష్యకారుని యభిప్రాయము ఇదియే.

ఇంకను సాక్ష్యముగా నిలిచినవారు ప్రసిద్ధరచయితలే. సామాన్యుని వ్రాఁతను వ్యాకరణమునకు సాక్ష్యముగాఁ బిలిచినవాఁడు అమెరికాదేశపు చార్లెస్ ఫ్రీజ్. 1940లో ప్రకటించిన గ్రంథమునకు ఆతఁడు ఆధారముగాఁ గొన్నవి అమెరికా ప్రభుత్వమునకు పౌరులు వ్రాసిన సుమారు 3,000 ఉత్తరములు. కొడుకును సైన్యమునుండి పంపివేయుఁడనియు, జీతము ఇంటికి చేరలేదనియు వ్రాసిన మనవులు. 1793లో త్రోసిపుచ్చఁబడినదియు మనవియే, 1940లో శాస్త్రమునకు లక్ష్యమైనదియు మనవియే. ఈ రెండింటి నడుమ నున్న దూరమే నా వ్యాసవిషయము. ఫ్రీజ్ ఆ లేఖకులను చదువునుబట్టియు వృత్తినిబట్టియు మూఁడు తెగలుగా విభజించి, ఒక్కొక్క ప్రయోగము ఏ తెగవారి వ్రాఁతలో ఎన్నిసారులు వచ్చినదో లెక్కించెను. ఫలితము బడిపంతుళ్లకు మింగుడుపడునది గాదు. పాఠ్యపుస్తకములు తప్పులని గోలపెట్టు ప్రయోగములలో కొన్ని చదువుకొన్నవారి వ్రాఁతలోను ఉన్నవి. తక్కువచదువువారి వ్రాఁతయొక్క ముఖ్యలక్షణము తప్పులు గావు, పేదఱికము. వాక్యరచనలో మార్పు లేదు, సముచ్చయపదములు రెండో మూఁడో, చెప్పినమాటయే మరల చెప్పుట. బడిలో గడపిన గంటలు నిషేధములకు వ్యయమైనవి. వాక్యసంపదను పెంచుటకు వినియోగింపఁబడలేదు. బోధకులకు ఈ గ్రంథమంతటిలో విలువైన మాట ఇదియే యని నా నమ్మకము.

మనదేశమునకు ఆ పుస్తకములు సముద్రము దాఁటి వచ్చినవి. మరే వచ్చెను, ఆ తరువాత ఈ దేశపు విద్యాశాఖలోనే పనిచేసిన నెస్‌ఫీల్డు వ్యాకరణము వచ్చెను, పిమ్మట నవలాకర్తయు, బొంబాయి రాష్ట్రమున విద్యాధికారియునైన పి. సి. రెన్, మార్టినుతోఁ గూడి వ్రాసినది వచ్చి నేఁటికిని చెల్లుచున్నది. ఇంగ్లండు బాలుఁడు పుస్తకము మూసి వీథిలోనికి పోయినచో లక్ష్యము చెవిలో పడును. పుస్తకమునకును వీథికిని పొంతన లేదని ఆతఁడే కనుఁగొనును. మన పల్లెటూరి బాలునికి ఆ వీథి లేదు. ఆతనికి పుస్తకమే లక్షణము, పుస్తకమే లక్ష్యము. అందుచేత ఇంగ్లండున చచ్చిన నిషేధము ఇచ్చట బ్రదికి యుండును. వాడుక ప్రమాణమా, గ్రంథము ప్రమాణమా యని తెలుఁగును గుఱించి 1913లో గిడుగు రామమూర్తి ఆధునికాంధ్రముపై విజ్ఞప్తి ప్రకటించిన కాలమునుండి మనలో మనము పోరాడుకొంటిమి. ఆంగ్లమును గుఱించి ఆ ప్రశ్న మనకు తట్టనైనను తట్టలేదు. పరభాష గనుక వినయముతో శిరసావహించితిమి.

ఇట్లనుటచే ఆంగ్లమున తప్పేలేదని గాని, ఎఱ్ఱసిరా పాఱవేయవలెనని గాని నా మతము గాదు. కర్తృపదము లేని వాక్యము వ్రాసిన బాలునికి అది ఆంగ్లము గాదని చెప్పియే తీరవలెను. రెండు వ్యతిరేకములు వాడినవానికి, ఇట్లు మాటలాడు ఆంగ్లేయులు లక్షలు గలరు గాని, పరీక్షకుఁడును ఉద్యోగమిచ్చువాఁడును ఒప్పుకొనరని చెప్పవలెను. ఇది లోకజ్ఞానము, భాషాజ్ఞానము గాదు. ప్రిపొజిషను చివర నిలిపినవాని వాక్యముపై గీఁత గీయుటకు మాత్రము నాకు హేతువు కానరాదు. ప్రశ్నపత్రము కూర్చువారు ఈ మూఁటిని ఒకే గాటఁ గట్టి ఒక్కొక్క మార్కు తగ్గించుటయే చిక్కు.

1985లో రాండల్ఫ్ క్వర్కు ప్రభృతులును, 2002లో హడిల్‌స్టన్, పుల్లమ్ ప్రభృతులును ప్రకటించిన బృహద్వ్యాకరణములు యెస్పర్సన్ మార్గమును పట్టినవి. రెండవది 1,800 పుటలు మించినది. బడిపిల్లవాఁడు మోయఁగలిగినది గాదు. అందుచే 2005లో ఆ యిరువురు గ్రంథకర్తలే విద్యార్థులకని చిన్నపుస్తకము వేసిరి. దానిలో వాక్యాంతప్రిపొజిషను, చీలిన తుమర్థకము మొదలగువాని నిషేధములు పాఠములోఁ గలియక, వేఱుగా గళ్లలో, వానివలన విద్యార్థి బెదరకుండుటకై, సంజాయిషీతోఁ గూడ నిలుపఁబడి యున్నవి.